రేషన్ డీలర్ నియామకానికి నివాస అర్హత: కాగితాల తయారీ నుంచి విచారణ దాకా

చౌక ధరల దుకాణానికి డీలర్ కావాలంటూ ప్రకటన వెలువడిన ప్రతిసారీ నన్ను అడిగే ప్రశ్న ఒక్కటే: "ఆధార్ కార్డులో మా ఊరి పేరే ఉంది కదా, అది చాలదా?" చాలదు. చదువు, వయసు సరిపోక వెనుదిరిగిన వారిని చూస్తే నాకు పెద్దగా బాధ కలగదు. కానీ ఏళ్ల తరబడి ఊళ్లోనే కాపురం ఉంటూ, ఆ సంగతిని కాగితం మీద నిలబెట్టుకోలేక అవకాశం పోగొట్టుకున్న వారిని చూసినప్పుడు మనసు చివుక్కుమంటుంది.

అందువల్ల ఈ వ్యాసాన్ని నివాస అర్హతకే పరిమితం చేస్తున్నాను. ఆంధ్రప్రదేశ్, తెలంగాణ రాష్ట్రాల్లో దరఖాస్తు చేసేవారు నోటిఫికేషన్ రాకముందే మొదలుపెట్టవలసిన పనులు ఇందులో ఎక్కువగా ఉన్నాయి. వచ్చాక పరుగులు తీస్తే కొన్ని పనులు పూర్తికావు, పూర్తయినవి కూడా అనుమానానికి తావిస్తాయి.

1. నోటిఫికేషన్‌లోని ఆ ఒక్క వాక్యాన్ని విడదీసి చదవండి

డీలర్ల నియామక ప్రకటనను సాధారణంగా రెవెన్యూ డివిజన్ స్థాయిలో ఆర్డీవో లేదా సబ్ కలెక్టర్ విడుదల చేస్తారు. దుకాణం నంబరు, గ్రామం, రిజర్వేషన్ రోస్టర్ (ఏ దుకాణం ఏ వర్గానికి అన్న వరుస) ఒక పట్టికలో ఉంటాయి. నివాసానికి సంబంధించిన షరతు మాత్రం చాలాసార్లు ఒక్క వాక్యంలో ముగుస్తుంది. ఆ వాక్యంలో మూడు విషయాల కింద గీత గీయండి.

మొదటిది పరిధి. "ఆ గ్రామ నివాసి" అన్నారా, "ఆ దుకాణం పరిధిలో నివసించేవారు" అన్నారా, పట్టణమైతే "ఆ వార్డు" అన్నారా చూడండి. రెవెన్యూ గ్రామం వేరు, గ్రామ పంచాయతీ వేరు, శివారు ఆవాసం వేరు. ఒకే రెవెన్యూ గ్రామంలో రెండు మూడు పంచాయతీలు ఉండవచ్చు. తెలంగాణలో 2018లో ఎన్నో తండాలు, గూడేలు కొత్త పంచాయతీలుగా ఏర్పడ్డాయి కనుక, మీ పాత కాగితాల్లో ఒక ఊరి పేరు, ఇప్పటి ఇంటి పన్ను రసీదులో మరో ఊరి పేరు కనిపించడం అసాధారణం కాదు.

రెండవది తేదీ. ఏ తేదీ నాటికి నివాసి అయి ఉండాలో ప్రకటనలో ఉంటే అదే ప్రమాణం. తేదీ చెప్పని చోట దరఖాస్తుల చివరి తేదీ నాటికి అర్హత ఉండాలన్నది ఉద్యోగ నియామకాల విషయంలో సుప్రీంకోర్టు స్థిరపరిచిన సూత్రం. అయినా నా సలహా ఏమిటంటే, నోటిఫికేషన్ వెలువడిన తేదీకి ముందే మీ ఆధారాలన్నీ ఉండేలా చూసుకోండి. అప్పుడు ఏ తేదీని ప్రమాణంగా తీసుకున్నా మీకు ఇబ్బంది ఉండదు.

మూడవది పదం. "స్థిర నివాసి", "నివాసి", "స్థానికులు" అనే మాటలను మనం ఒకేలా వాడుకున్నా, అభ్యంతరం వచ్చినప్పుడు ఆ మాట మీదే వాదన నడుస్తుంది. సందేహం ఉంటే తహసీల్దార్ కార్యాలయంలోని పౌర సరఫరాల డిప్యూటీ తహసీల్దార్‌ను అడగండి. వీలైతే తెల్లకాగితం మీద రాసి ఇచ్చి, దాని నకలుపై ముద్ర వేయించుకోండి.

2. స్థానికత పత్రం, నివాస పత్రం: రెండింటినీ కలపవద్దు

ఈ గందరగోళం చాలా మందిలో ఉంది. రాజ్యాంగంలోని 371-డి అధికరణం కింద వచ్చిన రాష్ట్రపతి ఉత్తర్వుల ప్రకారం లెక్కించే స్థానికత చదువుకున్న సంవత్సరాల మీద, కొన్ని సందర్భాల్లో నివాస కాలం మీద ఆధారపడుతుంది. అది ప్రభుత్వ ఉద్యోగాలకు, విద్యా ప్రవేశాలకు సంబంధించినది.

రేషన్ డీలరు ప్రభుత్వ ఉద్యోగి కాడు. ప్రభుత్వం ఇచ్చిన అధికార పత్రంతో కమీషన్‌పై సరుకులు పంపిణీ చేసే వ్యక్తి. కనుక ఇక్కడ అడిగేది "మీరు ఎక్కడ చదివారు" అని కాదు, "మీరు ఇప్పుడు ఎక్కడ నివసిస్తున్నారు" అని. పక్క మండలంలోని హాస్టల్లో పదో తరగతి వరకు చదివినంత మాత్రాన సొంత ఊళ్లో మీ నివాసం పోదు. అలాగే ఊళ్లోని బడిలో చదివారన్న ఒక్క కారణంతో, పదేళ్లుగా పట్నంలో కాపురం ఉంటున్నవారు ఊరి నివాసులు కారు.

3. ఉన్న కాగితాలన్నీ ముందు పరచుకోండి

ఒక తెల్లకాగితంపై నాలుగు గడులు గీయండి. మొదటి గడిలో పత్రం పేరు, రెండో గడిలో అందులో ఉన్న మీ పేరు అక్షరం అక్షరం, మూడో గడిలో చిరునామా ఉన్నది ఉన్నట్టుగా, నాలుగో గడిలో అది జారీ అయిన లేదా మారిన తేదీ. ఈ పనికి ఒక గంట పడుతుంది. తర్వాత రాబోయే చిక్కుల్లో చాలా వరకు ఈ కాగితం మీదే బయటపడతాయి.

ఒక్కో పత్రానికి ఎంత బలం ఉందో తెలుసుకుని రాసుకుంటే మేలు.

*ఆధార్.* ఇది గుర్తింపునకు బలమైన ఆధారం. కానీ ఆధార్ సంఖ్య దానంతటదే పౌరసత్వానికి గాని, స్థిర నివాసానికి గాని రుజువు కాదని 2016 నాటి ఆధార్ చట్టంలోని 9వ సెక్షన్ స్పష్టంగా చెబుతోంది. పైగా చిరునామా ఎప్పుడు మార్చారో ఆధార్ అప్‌డేట్ హిస్టరీలో తేదీతో సహా నమోదై ఉంటుంది.

*ఓటరు జాబితా.* నా దృష్టిలో దీని విలువను దరఖాస్తుదారులు తక్కువగా అంచనా వేస్తున్నారు. సాధారణంగా నివసించే చోటే ఓటు ఉండాలని 1950 నాటి ప్రజాప్రాతినిధ్య చట్టం చెబుతోంది. ఒక ఊళ్లో ఇల్లు ఉన్నంత మాత్రాన అక్కడి నివాసి కారని, తాత్కాలికంగా ఊరు విడిచి వెళ్లినంత మాత్రాన నివాసం పోదని అదే చట్టంలోని 20వ సెక్షన్ అంటుంది. ఆ నిబంధన ఓటు కోసం రాసినదే అయినా, నివాసం అంటే ఏమిటో అర్థం చేసుకోవడానికి చక్కగా పనికొస్తుంది.

*రైస్ కార్డు లేదా ఆహార భద్రత కార్డు.* కార్డు ఏ దుకాణానికి అనుసంధానమై ఉందో చూడండి. ఎక్కడైనా సరుకులు తీసుకునే వెసులుబాటు ఉన్నందున, మీరు నెలనెలా ఏ దుకాణంలో వేలిముద్ర వేశారో కూడా నమోదై ఉంటుంది. ఊళ్లోనే ఉంటున్నానని రాసి, ఏడాదంతా నగరంలో బియ్యం తీసుకుని ఉంటే దానికి వివరణ ఇవ్వవలసి వస్తుంది.

*నివాస ధ్రువీకరణ పత్రం.* క్షేత్ర విచారణ తర్వాత తహసీల్దార్ ఇచ్చేది కనుక నివాసం విషయంలో దీనికి ప్రాధాన్యం ఎక్కువ. మీసేవలోనూ, ఆంధ్రప్రదేశ్‌లో గ్రామ, వార్డు సచివాలయాల్లోనూ దరఖాస్తు చేయవచ్చు.

*తోడుగా నిలిచేవి.* ఇంటి పన్ను రసీదు, కరెంటు బిల్లు, గ్యాస్ పుస్తకం, బ్యాంకు పాసుపుస్తకం, ఉపాధి హామీ జాబ్ కార్డు, పొదుపు సంఘం పుస్తకం, పిల్లల స్టడీ సర్టిఫికెట్. ఒక్కొక్కటి చిన్నదే. మూడు నాలుగు కలిస్తే, అవి వేర్వేరు సంవత్సరాలవైతే, బలం వస్తుంది.

జిల్లా పేరు పాతదని కంగారు పడకండి. తెలంగాణలో 2016 అక్టోబరులోను, ఆంధ్రప్రదేశ్‌లో 2022 ఏప్రిల్‌లోను కొత్త జిల్లాలు వచ్చాయి కనుక అంతకు ముందు జారీ అయిన పత్రాల్లో పాత జిల్లా పేరే ఉంటుంది. అది తప్పు కాదు. దరఖాస్తులో ఇప్పటి జిల్లా పేరు రాసి, పక్కన "పూర్వపు ఫలానా జిల్లా" అని చేర్చితే సరిపోతుంది.

4. సరిదిద్దుకోవలసిన వరుస

ఒక పత్రం మీద ఆధారపడి మరొకటి వస్తుంది కాబట్టి వరుస తప్పితే మళ్లీ మొదటికి వస్తుంది. నేను సూచించే క్రమం ఇది.

ముందుగా ఇంటికి సంబంధించిన ఆధారం. సొంత ఇల్లయితే ఇంటి నంబరుతో పన్ను రసీదు తీసుకోండి. ఇల్లు తండ్రి లేదా మామగారి పేరున ఉంటే, వారితో బంధుత్వం తెలిపే పత్రం జతగా ఉంచుకోండి.

తర్వాత ఆధార్ చిరునామా. మీ పేరున ఏ ఆధారమూ లేకపోతే, కుటుంబ పెద్ద అంగీకారంతో చిరునామా మార్చుకునే పద్ధతి 2023 నుంచి ఉంది. బంధుత్వ రుజువు జతచేసి అడగాలి. కుటుంబ పెద్ద 30 రోజుల్లోగా ఆన్‌లైన్‌లో అంగీకారం తెలపాలి, లేకపోతే అభ్యర్థన రద్దవుతుంది.

మూడవది ఓటు. చిరునామా మార్పుకు ఫారం 8 నింపాలి. కొత్తగా ఫారం 6 నింపితే పాత ఊళ్లో ఓటు అలాగే ఉండిపోయి రెండు చోట్ల పేరు కనిపించే ప్రమాదం ఉంది. ఒకరికి రెండు చోట్ల ఓటు ఉండకూడదని చట్టం చెబుతోంది. మీ మీద అభ్యంతరం పెట్టేవారు మొదట వెతికేది కూడా దానికోసమే.

నాలుగవది రైస్ కార్డులో పేరు. పాత కార్డులోంచి తొలగించి కొత్త కార్డులో చేర్పించుకోవాలి. దీనికి ఎక్కువ సమయం పడుతుంది, అందుకే ముందుగా కదలండి.

చివరగా నివాస ధ్రువీకరణ పత్రం. పై నాలుగూ ఒకే చిరునామా చెబుతున్నప్పుడు దీనికి దరఖాస్తు చేస్తే విచారణ సులువుగా సాగుతుంది.

5. పెళ్లయి వచ్చిన మహిళలు తీసుకోవలసిన జాగ్రత్తలు

దుకాణం రోస్టర్‌లో మహిళలకు కేటాయించినప్పుడు ఎక్కువ వివాదాలు ఇక్కడే పుడతాయి. చదువు ధ్రువపత్రాల్లో పుట్టింటి ఇంటిపేరు, ఆధార్‌లో తండ్రి పేరు, పాత ఊరి చిరునామా ఉంటాయి. కాపురం మాత్రం ఆరేళ్లుగా అత్తవారి ఊళ్లో సాగుతూ ఉంటుంది.

నేను దగ్గరుండి చూసిన ఒక సందర్భం చెబుతాను. ఒక అమ్మాయి నోటిఫికేషన్ వచ్చిన నాలుగో రోజున ఆధార్ చిరునామా మార్పించుకుంది. "డీలర్‌షిప్ కోసమే ఊరు మార్చింది" అని మరో అభ్యర్థి ఫిర్యాదు ఇచ్చారు. మార్పు తేదీ ఆమెకు అనుకూలంగా లేదు. విచారణ రోజున ఆమె బీరువాలోంచి రెండు వస్తువులు తెచ్చి గిర్దావర్ (రెవెన్యూ ఇన్‌స్పెక్టర్) ముందు పెట్టింది. ఒకటి అంచులు నలిగిన తల్లీబిడ్డల ఆరోగ్య కార్డు. అందులో పెద్దబిడ్డకు పుట్టినప్పటి నుంచి వేసిన ప్రతి టీకా పక్కన తేదీ, పైన ఆ ఊరి పేరు ఉన్నాయి. రెండోది పొదుపు సంఘం తీర్మానాల పుస్తకం. అందులో మూడేళ్ల పాటు నెలనెలా ఆమె సంతకం ఉంది. ఆధార్ చెప్పలేని సంగతిని ఆ రెండు పుస్తకాలు చెప్పాయి.

ఆ అమ్మాయి అదృష్టం కొద్దీ అవి పారేయలేదు. మీరు అదృష్టం మీద ఆధారపడకండి.

ఈ పరిస్థితిలో ఉన్నవారు సిద్ధం చేసుకోవలసినవి:

- వివాహ ధ్రువీకరణ పత్రం. రిజిస్టరు చేయించుకోకపోతే ఇప్పుడైనా చేయించుకోండి.
- భర్త ఆధార్, ఓటరు కార్డు, ఇంటి పన్ను రసీదు నకళ్లు.
- పుట్టింటి రైస్ కార్డులోంచి పేరు తొలగించినట్టు ఆధారం.
- అంగన్‌వాడీ, బడి, ఆరోగ్య కేంద్రం, పొదుపు సంఘం రికార్డుల నకళ్లు.
- పెళ్లికి ముందు, తర్వాత పేర్లు ఒకే వ్యక్తివని తెలిపే నోటరీ అఫిడవిట్.

ఇంటిపేరు మార్చుకోవడం తప్పనిసరి కాదు. మార్చినా మార్చకపోయినా అన్ని చోట్లా ఒకేలా ఉండాలి, అంతే.

6. అద్దె ఇల్లు, ఊరి బయట పని

సొంత ఇల్లు లేకపోయినా నివాసి కావచ్చు. అద్దె ఒప్పంద పత్రం, ఇంటి యజమాని పేరున ఉన్న కరెంటు బిల్లు, యజమాని సంతకంతో ఒక చిన్న లేఖ ఉంచుకోండి.  చాలామంది అద్దె ఒప్పందాన్ని పదకొండు నెలలకు రాసుకుంటారు. అలా రాసుకున్నప్పుడు పాత ఒప్పందాలను చింపేయకండి. వరుసగా మూడు ఒప్పందాలుంటే దాదాపు మూడేళ్ల నివాసానికి అవే ఆధారం.

బయట ఊళ్లో పనిచేసి తిరిగి వచ్చినవారు ఆ సంగతి దాచవద్దు. ఎప్పుడు వెళ్లారు, ఎప్పుడు వచ్చారు, వెళ్లిన కాలంలో కుటుంబం ఎక్కడ ఉంది అన్నది విచారణలో సూటిగా చెప్పండి. ఇప్పటికీ బయట ఉద్యోగం చేస్తూ వారాంతంలో ఊరికి వచ్చేవారు మాత్రం దరఖాస్తుకు ముందు ఒక్క క్షణం ఆలోచించాలి. సరుకుల పంపిణీని వేలిముద్రతో నమోదు చేసే ఈ-పోస్ యంత్రం తెరవాలంటే డీలరు లేదా నమోదైన నామినీ వేలిముద్ర కావాలి. దుకాణం ముందు నిలబడిన కార్డుదారుకు మీరు అందుబాటులో ఉండాలన్నదే ఈ నివాస నిబంధన వెనుక ఉన్న ఉద్దేశం.

గిరిజన ప్రాంతాల్లో చాలా చోట్ల సరుకుల పంపిణీ గిరిజన సహకార సంస్థ డిపోల ద్వారా జరుగుతుంది. అక్కడివారు ముందుగా ఆ దుకాణం వ్యక్తిగత డీలర్ల కోసం ప్రకటించినదేనా అని చూసుకోవాలి.

7. దరఖాస్తు ఇచ్చే రోజు

- చిరునామాను అన్ని పత్రాల్లో ఉన్నట్టే, ఇంటి నంబరుతో సహా రాయండి.
- నకళ్ల మీద స్వయంగా ధ్రువీకరిస్తూ సంతకం, తేదీ వేయండి.
- జతచేసిన పత్రాల జాబితాను, పేజీ సంఖ్యలతో, పైన పెట్టండి.
- మొత్తం దరఖాస్తుకు ఒక నకలు మీ దగ్గర ఉంచుకోండి.
- ఇన్‌వర్డ్ విభాగంలో తేదీతో కూడిన ముద్ర వేయించుకోకుండా కార్యాలయం గడప దాటకండి.

నివాస ధ్రువీకరణ ఇంకా చేతికి రాకపోతే, దరఖాస్తు చేసిన మీసేవ లేదా సచివాలయం రసీదు జతచేయండి. దాన్ని అంగీకరించాలా వద్దా అన్నది నోటిఫికేషన్ షరతును బట్టి ఉంటుంది. అయినా గడువులోపు ప్రయత్నించారని చూపడానికి ఆ రసీదు ఉపయోగపడుతుంది.

8. క్షేత్ర విచారణ

ఆంధ్రప్రదేశ్‌లో గ్రామ రెవెన్యూ అధికారి (వీఆర్వో), ఇరు రాష్ట్రాల్లోనూ రెవెన్యూ ఇన్‌స్పెక్టర్ లేదా పౌర సరఫరాల డిప్యూటీ తహసీల్దార్ ఊళ్లోకి వచ్చి విచారించవచ్చు. తెలంగాణలో పాత వీఆర్వో వ్యవస్థ 2020లో రద్దయింది కనుక, మీ గ్రామ విచారణ ఎవరి చేతిలో ఉందో తహసీల్దార్ కార్యాలయంలో ముందే కనుక్కోండి.

విచారణ అంటే భయపడవలసింది లేదు. వచ్చినవారు ఇల్లు చూస్తారు, ఇంట్లో ఎవరెవరు ఉంటారో అడుగుతారు, ఇరుగుపొరుగును పలకరిస్తారు. ఆ రోజు ఇంటికి తాళం ఉంటే "నివాసం లేదు" అని రాసే అవకాశం ఉంది. తప్పనిసరిగా ఊరు వెళ్లవలసి వస్తే, విచారణ అధికారికి ముందే తెలియజేసి ఇంట్లో పెద్దవారిని ఉంచండి.

మీ వాంగ్మూలం నమోదు చేసినప్పుడు చదవకుండా సంతకం పెట్టవద్దు. "నేను అప్పుడప్పుడు పని మీద పట్నం వెళ్తాను" అని మీరంటే, "పట్నంలో ఉంటూ అప్పుడప్పుడు ఊరికి వస్తాను" అని రాసి ఉండవచ్చు. మాటల వరుస మారితే అర్థమే తలకిందులవుతుంది. తప్పు కనిపిస్తే అక్కడే మర్యాదగా చెప్పి దిద్దించి, దిద్దిన చోట కూడా సంతకం చేయండి.

సాక్షులుగా మీ బంధువులనే చూపకండి. ఎదురింటివారు, బడి ఉపాధ్యాయులు, పాలు పోసేవారు చెప్పిన మాటకు విలువ ఎక్కువ. వారికి ఏం చెప్పాలో నేర్పించవద్దు.

9. తరచూ జరిగే పొరపాట్లు, వాటికి సవరణలు

*నోటిఫికేషన్ తర్వాత చిరునామా మార్చడం.* మార్పు జరిగిపోతే దాచకండి. అంతకు ముందు తేదీల ఆధారాలు జతచేసి, ఆలస్యానికి కారణం ఒక పేజీలో రాసి ఇవ్వండి.

*భార్యాభర్తలకు రెండు ఊళ్లలో ఓట్లు.* ఒకరి కాగితం మరొకరి నివాసాన్ని అనుమానంలో పడేస్తుంది. ఇద్దరి ఓట్లూ నిజంగా ఉంటున్న చోటికే మార్చండి.

*బంధువుల ఇంటి నంబరు వాడుకోవడం.* ఇది పొరపాటు కాదు, తప్పుడు ప్రకటన. నియామకం తర్వాత బయటపడినా అధికార పత్రం రద్దవుతుంది, క్రిమినల్ కేసు కూడా నమోదు కావచ్చు. అడ్డదారి చెప్పే మధ్యవర్తికి ఒక్క రూపాయి ఇవ్వకండి.

*ఇంటి నంబరు మారడం.* పంచాయతీ కొత్త నంబర్లు వేసినప్పుడు పాత, కొత్త నంబర్లు ఒకే ఇంటివని పంచాయతీ కార్యదర్శి నుంచి రాయించుకోండి.

*సర్పంచ్ లేఖ ఒక్కటే జతచేయడం.* తోడుగా పెట్టవచ్చు. తహసీల్దార్ ఇచ్చే ధ్రువీకరణకు అది బదులు కాదు.

10. నివాసం కారణంగా తిరస్కరిస్తే

మొదట కారణం రాతపూర్వకంగా తీసుకోండి. నోటి మాటపై అప్పీలు నిలవదు. విచారణ నివేదిక, వాంగ్మూలాల నకళ్ల కోసం 2005 నాటి సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తు చేయండి. మండల స్థాయి కార్యాలయంలో రుసుము 5 రూపాయలు, ఆపై స్థాయిలో 10 రూపాయలు, దారిద్ర్యరేఖకు దిగువన ఉన్నవారికి ఉచితం. 30 రోజుల్లోగా సమాధానం ఇవ్వాలి.

ఆ సమాధానం కోసం ఎదురుచూస్తూ అప్పీలు గడువు దాటనివ్వకండి. అప్పీలు జిల్లా స్థాయిలో ఉంటుంది. ఎవరికి, ఎన్ని రోజుల్లోగా అన్నది ఉత్తర్వు చివర ఉంటే దాన్నే పాటించండి, లేకపోతే ఉత్తర్వు అందిన నాటి నుంచి 30 రోజులు దాటకుండా దాఖలు చేయండి. నివేదిక నకలు వచ్చాక అదనపు వాదన జతచేయవచ్చు.

అప్పీలులో ఎంపికైన మరో అభ్యర్థిపై ఆరోపణలతో పేజీలు నింపవద్దు. విచారణ నివేదికలో ఏ వాక్యం తప్పో, దానికి విరుద్ధంగా మీ దగ్గర ఏ తేదీ నాటి ఏ పత్రం ఉందో, వరుస సంఖ్యలతో చూపండి. మొదట సిద్ధం చేసుకున్న నాలుగు గడుల కాగితం ఇక్కడ మళ్లీ అక్కరకు వస్తుంది. దాన్నే శుభ్రంగా రాసి అప్పీలుకు జతచేయండి.

11. నియామకం వచ్చాక

నివాస షరతు ఎంపికతో ముగియదు. దుకాణాన్ని మరొకరి చేతిలో పెట్టి మీరు వేరే ఊరికి కాపురం మారిస్తే, అది బినామీ నిర్వహణ కిందికి వచ్చి అధికార పత్రం రద్దుకు దారితీస్తుంది. అనారోగ్యం, కాన్పు వంటి కారణాలతో కొంతకాలం ఊరు విడవవలసి వస్తే ముందుగా తహసీల్దార్ కార్యాలయానికి రాతపూర్వకంగా తెలియజేసి, నామినీగా ఎవరు యంత్రం తెరుస్తారో నమోదు చేయించుకోండి. అదే ఊళ్లో ఇల్లు మారినా, కొత్త ఇంటి నంబరును నెల తిరగకుండా ఆ కార్యాలయంలోని మీ దస్త్రంలో చేర్పించండి.